కట్టు విప్పే చెయ్యి

యుద్ధం మొదలైన రెండో ఏడు నన్ను సముద్రం దాటించి, రేవు దగ్గర గుడారాల్లో నడుస్తున్న సైనికాసుపత్రికి పంపారు. అక్కడ అంతకుముందున్న నర్సు విషజ్వరంతో పోయింది. ఆవిడ స్థానంలో నేను. ఆవిడ మంచమే నాకిచ్చారు. పరుపు ఎంత ఎండబెట్టినా స్పిరిట్ వాసన వదల్లేదు.

వార్డులో ఎవరికీ నా పొడ గిట్టలేదు. కట్టు కడుతుంటే సైనికులు మొహం అటు తిప్పుకునేవాళ్ళు. పొద్దున కట్టిన కట్లు మధ్యాహ్నానికల్లా విడిపోయి నేలమీద పడి ఉండేవి.

"ముడి వెయ్యడం కూడా రానిదాన్ని ఇంత దూరం ఎవరు పంపారమ్మా?" అంది మేట్రన్, అందరి ముందే.

"గట్టిగానే వేశానండీ."

"అయితే దెయ్యాలొచ్చి విప్పుతున్నాయా?"

వార్డంతా నవ్వింది. మూలమంచం మీది వంటవాడు మాత్రం నవ్వలేదు. పటాలానికి వండిపెట్టే మనిషి. తొడలో ఇనపముక్క దిగి వచ్చాడు. నాతో నాలుగు మాటలు మాట్లాడేది అతనొక్కడే.

"మీరు మమ్మల్ని ముట్టుకుంటే ఆవిడకి మండుతోంది సిస్టర్," అన్నాడు మెల్లగా, నా వెనక ఎవరూ లేని చోటు చూస్తూ.

జ్వరంలో ఏదో అంటున్నాడులే అనుకున్నాను.

మర్నాడు మధ్యాహ్నం ఇసుకగాలి లేచింది. చూస్తుండగానే సూర్యుడు మాయమయ్యాడు. గుడారం తాళ్ళు కిర్రుమంటున్నాయి, గుడ్డ టపటపా కొట్టుకుంటోంది. నోట్లో, కళ్ళలో ఇసుక. ఆపరేషన్ గుడారం ఎగిరిపోతోందని మేట్రన్ తక్కినవాళ్ళని తీసుకుని పరిగెత్తింది. లాంతరు ఆరిపోయింది. వార్డులో నేనొక్కదాన్నే.

అప్పుడు వినిపించింది.

టప్... టప్...

మూలమంచం వైపు నుంచి. తడుముకుంటూ వెళ్ళాను. కాలు జారింది. నేల వెచ్చగా, జిగటగా ఉంది. వంటవాడి తొడకి కట్టు లేదు. గజ్జ దగ్గర రక్తనాళం దొరకబుచ్చుకుని రెండు చేతులతో అదిమాను. రక్తం ఆగింది.

నా వెనక ఎవరో నిలబడ్డారు. గుప్పున స్పిరిట్ వాసన. మంచులాంటి వేలొకటి నా చిటికెనవేలి కిందికి దూరింది. దాన్ని పైకి లేపింది. తర్వాత ఉంగరపువేలు...

"వదలండి... చచ్చిపోతాడు..."

చెవి పక్కనే గొంతు. "పోనీ. వీళ్ళు నావాళ్ళు."

నా బరువంతా అతని మీద వేసి అదిమాను. మణికట్టులో గోళ్ళు దిగాయి. మసకచీకట్లో వంటవాడు నా భుజం మీదుగా ఎటో చూస్తున్నాడు.

"కోప్పడకండమ్మా," అన్నాడు. నాతో కాదు.

ఇంతలో టార్చిలైటు వెలుగు. మేట్రన్. వెనక్కి విరుచుకుని నిలబడ్డ నా వేళ్ళు చూసింది. తన అరచేతులు నా చేతుల మీద పెట్టి చీకట్లోకి చూస్తూ అంది.

"చాలు తల్లీ. నీ డ్యూటీ అయిపోయింది. వెళ్ళి పడుకో."

మణికట్టు మీద పట్టు వదిలింది.

వంటవాడు బతికాడు. ఆ రోజు నుంచి నేను వేసిన ముడి ఒక్కటీ విడలేదు. మేట్రన్ మళ్ళీ నన్ను ఒక్క మాట అనలేదు. పీడ విరగడైందనుకున్నాను.

కొన్నాళ్ళకి వంటవాణ్ణి ఓడ ఎక్కించి ఇంటికి పంపమన్నారు. రేవుకి తీసుకెళ్ళే బండిలో అతన్ని నేనే పడుకోబెట్టాను. కుదుపులకి పడిపోకుండా చేతులు రెండూ దుప్పటి కిందే ఉంచి పట్టీలు బిగించాను. తలుపు వేశాను. వెనక అతనొక్కడే.

బండి కదిలింది. వెనక కిటికీలోంచి అతను నన్నే చూస్తున్నాడు.

లోపలినుంచి ఎవరో తెర లాగేశారు.