మీ ఖాతా మరోచోట వాడుకలో ఉంది

ఉదయం ఆరు గంటలకు ముందుగదిలో టీవీ వెలిగింది. రిటైరైన సర్వేయరు స్నానం ముగించి, చొక్కా గుండీలన్నీ పెట్టుకుని, ఆఫీసు కుర్చీలో కూర్చున్నంత నిటారుగా సోఫాలో కూర్చుని, గేమ్ కంట్రోలర్ చేతిలోకి తీసుకున్నాడు. తెర మీద పొలం కనిపించింది. ముప్పై నాలుగేళ్లు ఎండలో నిలబడి ఊరివాళ్ల పొలాలు కొలిచిన మనిషి ఇప్పుడు నీడపట్టున కూర్చుని లేని పొలం దున్నుతున్నాడు.

పక్కగదిలో కుట్టుమిషను ముందు కూర్చున్న ఆయన భార్యకు ఇది చూసినకొద్దీ నవ్వే. చుట్టుపక్కల వాళ్ల బట్టలు సరిచేసి కుట్టడం ఆమె పని. నోట్లో గుండుసూది ఉన్నా మాట ఆగదు. పండిన దాంట్లో రెండు టమాటాలు ఇటు విసిరితే కూరకు పనికొస్తాయని రోజుకొకసారైనా అంటుంది. ఆయన దున్నుతూనే ఉంటాడు.

ఆ పూట మాత్రం ట్రాక్టరు ఆయన చెప్పినట్టు వినలేదు. వేలు పెట్టకపోయినా తనంతట తానే ఎడమకు లాగుతోంది. ఆయన రెండు చేతులూ గాల్లోకి ఎత్తి మూడుసార్లు పరీక్షించి, లోపం సాధనంలోనే ఉంది తప్ప వాడేవాడిలో లేదని నిర్ధారించుకున్నాడు. అప్పుడు గానీ ఆయన మనసు కుదుటపడలేదు.

నిజానికి ఆ ఆటా, ఆ కన్సోలూ కూతురివి. ఆస్పత్రిలో ల్యాబ్ టెక్నీషియన్. చిన్నప్పుడు గుప్పిట్లో పట్టేంత ఉండేదని ఇంట్లో అందరూ గవ్వ అని పిలిచేవారు, ముప్పై ఏళ్లొచ్చినా ఆ పేరే ఉండిపోయింది. పెళ్లయిన మూడేళ్లకు ఒక సాయంత్రం పెట్టె పట్టుకుని ఇంటికొచ్చి, ఇక వెనక్కి వెళ్లనని చెప్పింది. వాళ్లమ్మ ఒళ్లోకి లాక్కుంది. సర్వేయరు మాత్రం ఇరుపక్షాలనూ వినకుండా ఒక నిర్ణయానికి రావడం న్యాయం కాదనుకున్నాడు. మర్నాడు నోటు పుస్తకం తీసుకుని అల్లుడి ఇంటికి వెళ్లి, రెండు గంటలు కూర్చుని, తిరిగొచ్చి, రాత్రి భోజనాల దగ్గర చదివి వినిపించాడు. పేజీ మధ్యలో నిలువు గీత. అటు అల్లుడి పొరపాట్లు ఐదు, ఇటు కూతురి పొరపాట్లు నాలుగు. తేడా స్వల్పం కాబట్టి సర్దుకోవచ్చునని ఆయన అభిప్రాయం.

గవ్వ కంచంలో చెయ్యి కడిగేసుకుంది. తెల్లారేసరికి వెళ్లిపోయింది. అదే ఊళ్లో, బస్సెక్కితే అరగంట దూరంలో ఒక గది అద్దెకు తీసుకుంది. అక్కడికి కొత్త కన్సోల్ కొనుక్కుంది, పాతది ఇక్కడే వదిలేసింది. తల్లితో రోజూ మాట్లాడుతుంది. తండ్రితో నాలుగు నెలలుగా మాటలేదు. ఆమె వెళ్లిన వారంలోనే, బోసిపోయిన ఆ ఇంట్లో ఒకరోజు ఆయన ఆ కన్సోల్‌ను ఆన్ చేసి, తెర మీద కూతురి ఫొటో కనబడితే దాన్నే నొక్కి, వరసలో మొదట కనిపించిన ఆట మొదలుపెట్టాడు. అప్పటి నుంచి ఒక్కరోజూ మానలేదు.

పదింటికి ఆయన మరమ్మతు దుకాణానికి వెళ్లాడు. కంట్రోలర్ ఒక్కటే కాదు, కన్సోల్ కూడా తువ్వాల్లో చుట్టి తీసుకెళ్లాడు. సాధనాన్ని విడిగా పరీక్షిస్తే ఫలితాన్ని నమ్మలేమని ఆయన నమ్మకం. నుదుటికి భూతద్దం కట్టుకున్న దుకాణదారు ఐదు నిమిషాల్లో కంట్రోలర్ మీద వేలితో తిప్పే పుల్ల మార్చేసి, టీవీకి తగిలించి చూశాడు.

"ఈ ఫొటోలో ఉన్నది ఎవరు సార్?"

"మా అమ్మాయి."

"మీ పేరుతో ఖాతా లేదా? ఆవిడ పేరు మీదే ఆడుతున్నారా?"

ఆటలు ఆమె కొన్నవే కదా అన్నాడు సర్వేయరు. ఆమె ఇంకోచోట ఇంకో కన్సోల్ మీద కూడా ఆడుతుందా అని అడిగాడు దుకాణదారు. ఆడుతుందని భార్య ద్వారా తెలుసు. రాత్రి డ్యూటీ ముగించుకుని ఐదున్నరకు గదికి చేరి, నిద్ర పట్టేదాకా కాసేపు ఆడుకుంటుంది.

"మీరు ఎన్నింటికి మొదలుపెడతారు?"

"ఆరింటికి."

దుకాణదారు భూతద్దం నుదుటి పైకి జరిపాడు. "అయితే రోజూ ఆరింటికి ఆవిడ ఆట మధ్యలో ఆగిపోతుంది సార్. ఒక ఖాతా మీద ఒకేసారి రెండుచోట్ల ఆడనివ్వరు. మీ దగ్గరున్న పెట్టె ఆ ఖాతాకు సొంతిల్లు లెక్క, అందుకని దీనిదే పైచేయి. ఇది మొదలవగానే అక్కడ తెర మీద 'మీ ఖాతా మరోచోట వాడుకలో ఉంది' అని పడుతుంది. ఆవిడ మీకు ఎప్పుడూ చెప్పలేదా?"

సర్వేయరు మనసులో లెక్క వేసుకున్నాడు. రాత్రంతా నిలబడి పనిచేసి వచ్చిన పిల్లను నాలుగు నెలలుగా పొద్దున్నే మెడపట్టి గెంటుతున్నాడు. అదీ తనకు తెలియకుండా.

దానికి మందు సులువేనన్నాడు దుకాణదారు. సొంతిల్లయిన ఈ పెట్టె మీద ఎవరి ఖాతాతోనైనా ఆమె కొన్న ఆటలన్నీ ఆడుకోవచ్చు. సార్ పేరుతో ఒక ఖాతా తెరిస్తే చాలు, ఇద్దరూ ఎవరి చోట వాళ్లు ఒకే సమయంలో ఆడుకోవచ్చు. ఒక్కటే చిక్కు. ఇన్నాళ్లూ దున్ని పండించిన పొలం కూతురి ఖాతాలోనే ఉండిపోతుంది. కొత్త ఖాతాతో మొదలుపెడితే బీడు నేలే.

"ఫరవాలేదు, తెరవండి," అన్నాడు సర్వేయరు.

మర్నాడు ఆరింటికి ఆయన తన పేరు నొక్కి లోపలికి వెళ్లాడు. చెరుకుతోట లేదు, కాలువ లేదు, తాను కట్టిన గొడ్ల చావిడి లేదు. ముళ్లపొదల మధ్య తుప్పుపట్టిన ట్రాక్టరు ఒక్కటే ఉంది. కాస్త బెంగగా అనిపించినా, ఈ పూట పిల్ల హాయిగా ఆడుకుంటోందన్న ఊహ ఆ బెంగను మింగేసింది. భార్యకు కూడా చెప్పలేదు. చేసిన మంచిని చాటుకోవడం ఆయనకు చేతకాదు, చేసిన తప్పును ఒప్పుకోవడం అంతకంటే చేతకాదు.

రెండో రోజు ఏడు దాటుతుండగా ఎవరో తలుపు దబదబా బాదారు. కుట్టుమిషను చప్పుడులో ఆయన భార్యకు వినబడలేదు. సర్వేయరే లేచి తీశాడు.

ఎదురుగా గవ్వ. ల్యాబ్ కోటు ఇంకా ఒంటి మీదే ఉంది, జుట్టు రేగిపోయి ఉంది. తండ్రిని నెత్తి నుంచి కాళ్ల దాకా చూసింది. ఆయన చెయ్యి పట్టుకుని మణికట్టు మీద వేళ్లు పెట్టింది. నాడి కొట్టుకుంటోంది. చెయ్యి వదిలేసి గడప మీదే కూలబడింది.

మిషను ఆపగానే అలికిడి విని తల్లి బయటికొచ్చింది. కూతుర్ని చూసి ఉలిక్కిపడితే మెడలోని కొలత టేపు జారి కింద పడింది. ఏమైందే తల్లీ అని అడిగితే గవ్వ మండిపడింది. ఎన్నిసార్లు ఫోను చేసినా ఎత్తరేమని నిలదీసింది. తల్లి ఫోను వంటింట్లో చార్జింగులో ఉంది. తండ్రి ఎనిమిదింటికి గానీ ఫోను ఆన్ చెయ్యడు.

"నాన్న నంబరుకు కూడా చేశాను," అంది గవ్వ గోడ వంక చూస్తూ. "ఐదుసార్లు."

ఏమనాలో తోచనప్పుడు ఆయన వాస్తవాలు అడుగుతాడు. "నాకేమైందనుకున్నావు?"

"నిన్న ఆరయింది. ఆరున్నరయింది. ఏడయింది. నా ఆట ఆగలేదు. పోనీలే, ఒక పూట లేవలేదేమో అనుకున్నాను, అమ్మతో మాట్లాడినా నీ గురించి అడగలేదు. ఇవాళా ఆగలేదు. రెండు రోజులు నువ్వు లేవకపోవడం నా పుట్టుకలో చూడలేదు నాన్నా."

"నిన్ను రోజూ మధ్యలో ఆపేస్తున్నానని మొన్ననే తెలిసింది. అందుకే నా పేరుతో వేరే ఖాతా తెరిపించాను. నీకు అడ్డు రాకూడదని." ఆయన గొంతు సవరించుకున్నాడు. "నాలుగు నెలలు ఊరుకున్నావెందుకు? అమ్మతో ఒక్క మాట చెబితే సరిపోయేది కదా."

"నీకు ఎవరు చెప్పారు మార్చమని?" గవ్వ లేచి నిలబడింది. "నేను అడిగానా? నాకు అడ్డొస్తున్నావని నేను అన్నానా? నాకేది మంచిదో ఎప్పుడూ నువ్వే తేల్చేస్తావు. ఆరోజూ అంతే. నేను ఏడుస్తూ వస్తే పుస్తకం పట్టుకుని అతని దగ్గరికి వెళ్లావు."

తల్లి మధ్యలో రాబోయింది. సర్వేయరు చేత్తోనే వద్దన్నాడు.

"ఇద్దరి మాటా వినాలి కదమ్మా అనుకున్నాను."

"అతని వైపు మంచి కూడా రాశావు. గుర్తుందా? గొంతెత్తడు, మితభాషి అని రాశావు." గవ్వ గొంతు ఇప్పుడు పెద్దగా లేదు. "అతను నా మీద ఒక్కసారీ అరవలేదు నాన్నా. మాట్లాడటం మానేసేవాడు. కూర బాగోలేదని వారం, డ్యూటీ నుంచి ఆలస్యంగా వచ్చానని పది రోజులు. ఆఖరిసారి నలభై ఒక్క రోజులు. అదే ఇల్లు, అదే గది. నేను ఎదురుగా నిలబడి అడుగుతుంటే నా వెనక గోడను చూసేవాడు. ఉన్నానో లేనో నాకే అనుమానం వచ్చేది. ఆ రాత్రి అది చెప్పబోతుంటే, తేదీలు గుర్తున్నాయా అని అడిగావు."

ఆయన అడిగాడు. ఆ ప్రశ్న ఆయనకు బాగా గుర్తుంది. అప్పుడది మంచి ప్రశ్న అనిపించింది.

"ఇక్కడి నుంచి వెళ్లాక నువ్వూ మాట్లాడలేదు. నేనూ మాట్లాడలేదు. కానీ రోజూ ఆరింటికి నా ఆట ఆగేది. మా నాన్న లేచాడు, బాగానే ఉన్నాడు, నా పేరు నొక్కాడు అనుకునేదాన్ని. అదయ్యాక గానీ నిద్రపట్టేది కాదు. నువ్వు తరిమేదాకా ఆడేది అందుకే."

సర్వేయరు సోఫా చెయ్యి పట్టుకుని మెల్లగా కూర్చున్నాడు. ఇన్నేళ్ల ఉద్యోగంలో ఆయన ఎన్నో తగాదాలు తీర్చాడు. ఎదుటివాళ్ల కళ్లలో నీళ్లు కూడా చూశాడు. అవి కొలతలోకి రావని పక్కన పెట్టేవాడు. ఇప్పుడు తన కళ్లే మసకబారుతుంటే కళ్లజోడు తీసి, తుడవడం మరిచి, చేతిలోనే పట్టుకున్నాడు.

"నేను న్యాయం కోసం వెళ్లలేదమ్మా," అన్నాడు. "అలా అని నాకు నేను చెప్పుకున్నాను. సంబంధం చూసింది నేను. అబ్బాయి నెమ్మదస్తుడని అందరికీ చెప్పింది నేను. మూడేళ్లు పండక్కీ పబ్బానికీ ఎదురుగా కూర్చుని కూడా నాకేమీ కనబడలేదు. నీ మాట నిజమైతే నా చూపు అబద్ధం. నా తప్పు కొంతైనా తగ్గుతుందేమోనని వెళ్లాను. తగ్గించుకుని వచ్చాను. అది నీ లెక్కలో వేశాను."

గవ్వ ఆయన ముందు ఉన్న తెర వైపు చూసింది. ముళ్లపొదలు, తుప్పు ట్రాక్టరు, మూల కొంచెంగా చదును చేసిన నేల. దగ్గరికెళ్లి చూసింది.

"నీ పొలం ఏది?"

"అది నీ ఖాతాలో ఉంది."

"చెరుకుతోట? ఆ కాలువ? కాలువకు నెల పట్టిందని అమ్మ చెప్పింది."

"నీకు అడ్డం లేకుండా ఆడాలంటే వదులుకోవాలన్నారు. వదిలేశాను." ఆయన ఇబ్బందిగా కదిలాడు. "దాందేముంది, మళ్లీ తవ్వుకోవచ్చు."

గవ్వ తండ్రి పక్కన కూర్చుంది. కాసేపటికి ఆయన భుజం మీద తల వాల్చింది. ఆ తల ఎంత బరువుగా ఉందో తెలిసి ఆయన కదలకుండా ఉండిపోయాడు. తల్లి ముక్కు చీది, ఇద్దరినీ చూస్తూ, ఈ ఇంట్లో వాళ్లకు మాట్లాడుకోవడానికి నోరు సరిపోక కరెంటు కూడా కావలసి వచ్చిందని, ముందు కాఫీ పెడతాను, తరవాత తీరిగ్గా ఏడుద్దురు గానీ అని వంటింట్లోకి నడిచింది.

ఆ రోజు గవ్వ సాయంత్రం దాకా అక్కడే పడుకుంది. వెళ్లేముందు తండ్రి ఖాతాలో ఏదో మార్చింది. వేరువేరు ఖాతాలు కాబట్టి ఇకపై ఎక్కడి వాళ్లు అక్కడే ఉండి ఇద్దరూ ఒకే పొలంలోకి రావచ్చునని, అందులోంచే మాట్లాడుకోవచ్చునని చెప్పింది. తన గది మాత్రం ఖాళీ చెయ్యనంది. సర్వేయరు కారణం అడగలేదు.

మర్నాడు పావు తక్కువ ఆరుకే ఆయన బీడులో నిలబడి ఉన్నాడు. ట్రాక్టరు ఎక్కలేదు. ఆరింటికి తెర అడుగున ఒక వరస మెరిసింది. గవ్వ లోపలికి రావాలనుకుంటోంది, అనుమతిస్తారా అని. ఆయన తొందరలో తప్పు మీట నొక్కబోయి, ఆగి, కళ్లజోడు సర్దుకుని, సరైనది నొక్కాడు. పొదల అవతల ఎర్ర టోపీ పెట్టుకున్న చిన్న బొమ్మ ప్రత్యక్షమై, గెంతుకుంటూ వచ్చి ఆయన బొమ్మ పక్కన నిలబడింది. టీవీలోంచి గవ్వ నిద్రమత్తు గొంతు వినిపించింది.

"నాన్నా, ఏం వేద్దాం ఇక్కడ?"

అలవాటు కొద్దీ ఆయన నాలుక చివర జవాబు సిద్ధంగా ఉంది. నేల ఎలాంటిది, నీరెంత దూరం, ఏ పంటకు ఎన్ని రోజులు, అన్నీ తెలుసు. ఆయన దాన్ని మింగేశాడు.

"నువ్వు చెప్పు," అన్నాడు. "వింటున్నాను."