జాహిద్ హాజరు

అలియాబాద్ దగ్గర మూతపడిన మందుల ఫ్యాక్టరీ గేటు గదిలో, పక్క టీ కొట్టు నుంచి కరెంటు వైరు లాగి, సాయినాథ్ పాత కంప్యూటర్ ముందు కూర్చున్నాడు. సాయంత్రం ఐదు దాటింది, బయట ముసురు. ఆరేళ్లు గాలి తగలని గదిలో ఎలుకల కంపు, దాన్ని మించి మందుల ఘాటు. మేడ్చల్‌లో కంప్యూటర్లు బాగుచేసుకుని బతికే మనిషికి ఇలాంటివి అలవాటే.

వెనక స్టూలు మీద సఫూరా. ఆమె భర్త జాహిద్ ఇక్కడే పనిచేసేవాడు. ఆరేళ్ల కిందట బాయిలర్ పేలిన రోజు అతని ఎముక కూడా దొరకలేదు. పేలుడుకు ముందే గేటు దాటాడని మేనేజర్ చెప్పాడు. ఎవత్తెతోనో లేచిపోయాడని ఊరంతా అంది. పోయినవాళ్లకు చేసే జనాజా నమాజు కూడా జరగలేదు. ఆమె వేసిన పరిహారం కేసులో కోర్టు ఇప్పుడు ఆ రోజు హాజరు పట్టీ తెమ్మంది.

తెర మీద అదే మొండి సందేశం: ఎన్‌క్రిప్షన్ లైబ్రరీ లోడ్ కాలేదు. అంటే, పట్టీకి వేసిన తాళం విప్పే ఫైలు లేదు. ఎందుకు లేదో సాయినాథ్‌కి తెలుసు. పేలుడు తర్వాత మేనేజర్ మాట మీద దాన్ని తీసేసింది అతనే. చిన్న ఫైలే కదా అనుకున్నాడు. దేన్నీ పారేయలేని బుద్ధి, పాత పెన్‌డ్రైవ్‌లో దాచాడు. ఆ సంగతి ఆమెకు ఇప్పటికీ చెప్పలేదు. సిగ్గులేని బతుకు.

"ఆయిన లోపటికి వోయిండు, బయటికి రాలే. గంతే సూపియ్యి అన్నా," అంది సఫూరా.

ఫైలు పెట్టాడు. మళ్లీ అదే సందేశం. దానికి తోడుండాల్సిన ఇంకో పాత ఫైలు కూడా వెతికి పెట్టాడు. ఈసారి పేలుడు రోజు పట్టీ తెరుచుకుంది.

జాహిద్. లోపలికి: రెండు గంటల ఐదు నిమిషాలు. బయటికి: ఖాళీ.

సఫూరా ఆ ఖాళీ గడి మీద వేలు పెట్టి ఏడ్చింది. సాయినాథ్ తల దించుకుని ప్రింట్ నొక్కాడు.

అప్పుడే... గేటు దగ్గర వేలిముద్ర మిషన్ కీచుమంది. వైరు తెగి గోడకు వేలాడుతున్న మిషన్. మందుల ఘాటు ఒక్కసారిగా పెరిగింది. ఇద్దరి మధ్య నుంచి కదిలి... తలుపు దాటిపోయింది.

కాగితం బయటికొచ్చింది. అందులో ఆ ఖాళీ గడి నిండి ఉంది. ఇవాళ్టి తేదీ. ఐదు నలభై.

"ఇగ కోర్టు గూడ గదే అంటది... బయటికి వోయిండని," గొణిగింది సఫూరా.

నిజం చెప్పేద్దామని సాయినాథ్ నోరు తెరిచాడు. ఫోన్ మోగింది. ఇంటి నుంచి, భార్య శోభారాణి. గొంతు బాగా తగ్గించి మాట్లాడుతోంది.

"ఎవరో వచ్చి కూసున్నడు. ఒంటి మీదంత మందుల వాసన. నీతోని పనుందట, పొమ్మంటె పోతలేడు... మన పాపను ఒళ్లె కూసోవెట్టుకున్నడు."