మగడు పోయినోళ్ళకే మాట

ఆదివారం పొద్దున గోదావరిఖని క్వార్టర్లలో జనం ఇంకా ఆవులిస్తూనే ఉన్నారు. సమ్మవ్వ మాత్రం తలంటుకుని, ఇస్త్రీ చీర కట్టుకుని తయారైపోయింది. ఆ రోజు కులసంఘం కూడుతుంది. పెళ్ళి తగువైనా, ఆలుమగల పంచాయితీ అయినా అక్కడ పరిచిన జంఖానా మీద కూర్చుని మాట్లాడేది మగవాళ్ళే. ఆడవాళ్ళకూ మాట కావాలని సమ్మవ్వ పదేళ్లుగా ఇల్లిల్లూ తిరుగుతోంది. "తెలంగాణ కోసం రోడ్డు మీద కూసోనీకి ఆడోళ్ళు కావాలె, కులం కూడితే వద్దా?" అని ఆమె అడిగితే పెద్దమనుషులు నీళ్ళు నమిలేవారు.

చివరికి నిన్న సంఘం పెద్ద కొమురెల్లి ఒప్పుకున్నాడు. కోడలు శోభ చాయ్ తెచ్చిచ్చి, "నేను గూడ జల్ది తయారైత అత్తా" అంది.

సమ్మవ్వ చూపు తప్పించింది. "నువ్వెందుకు బిడ్డా? ఈసారికి మగడు పోయినోళ్ళకే మాట ఇచ్చిండ్రు. మీకు మొగోళ్ళున్నరు గద, వాళ్ళు మాట్లాడుతరు."

"గట్లని నువ్వు ఒప్పుకున్నవా?"

"ఒప్పుకున్న. మొత్తం కావాలంటే ఉన్నది గూడ పోతది. మీ సంగతి మెల్లగ సూద్దాం."

ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు. ఈవిడేమో రచ్చ గెలవడానికి ఇంటి మనిషినే వదిలేసి వచ్చింది. పదేళ్లూ పిల్లల్ని చంకనేసుకుని ఎండల్లో ఆమె వెంట తిరిగింది ఎవరు? వచ్చినవాళ్ళందరికీ వండి వార్చింది ఎవరు? శోభ కాదూ?

మంచం మీద కూర్చుని చాయ్ తాగుతున్న శోభ మొగుడు జైపాల్ విసుక్కున్నాడు. "పొద్దుగాల్నే ఏం లొల్లి? నీ తరఫున నేను లేనా?"

"మా చెల్లె పంచాయితీల గూడ ఉన్నవ్. నోరు తెరిచినవా?"

శోభ అత్త వైపు తిరిగింది.

"ఒక్క మాట చెప్పు అత్తా. నేను గా జంఖానా మీద కూసోవాల్నంటే నీ కొడుకు సావాల్నా?"

జైపాల్ చేతిలో చాయ్ ఒలికిపోయింది. సమ్మవ్వ మొగుడు బొగ్గు బాయిలో కప్పు కూలి పోయినవాడే. కొడుకు దిగేదీ ఆ బాయిలోకే. "ఏం కూత కూసినవే" అంటూ చెయ్యెత్తింది.

శోభ కదల్లేదు. "నేను కూసింది కాదు. నువ్వు ఒప్పుకున్నదే గది."

ఎత్తిన చెయ్యి అలాగే కిందికి దిగిపోయింది. సమ్మవ్వ చెప్పులేసుకుని వెళ్ళిపోయింది.

సంఘం ఇంటి ముందు ఆడవాళ్ళు గుంపుగా నిలబడ్డారు. కాసేపటికి శోభ కూడా వచ్చి వెనకాల నిలుచుంది. లోపల కొత్త జంఖానా పరిచి ఉంది. "రా సమ్మవ్వా, ముందు నువ్వే కూసో" అని కొమురెల్లి మర్యాదగా పిలిచాడు.

సమ్మవ్వ గడప దగ్గరే ఆగిపోయింది. "అందరిని పిలువు కాకా. మొగోళ్ళున్నోళ్ళను గూడ."

"మాట మారుస్తున్నవ్. గట్లయితే నీ మాట గూడ పోతది, సూసుకో."

"పోనీ. తప్పుకు ఒప్పుకున్న, తప్పు దిద్దుకుంటున్న."

తలుపు మూసేశారు. పదేళ్ల కష్టం ఆ తలుపు వెనకే ఉండిపోయింది. సమ్మవ్వ మెట్టు మీద కూలబడి భోరున ఏడ్చింది. శోభ గుంపును తోసుకుంటూ వచ్చి ఆమెను పొదివి పట్టుకుంది.

"చేతికొచ్చింది పోగొట్టుకున్నవు గద అత్తా. నేను కోపంల అన్న."

సమ్మవ్వ కోడలి చెంపలు రెండు చేతుల్లోకి తీసుకుంది. "నా కొడుకు నూరేండ్లు బతకాలె బిడ్డా. నువ్వు గూడ మాట్లాడాలె. నాకు రెండూ కావాలె."

ఇద్దరూ కళ్ళు తుడుచుకుని లేచి, ఆ మూసిన తలుపును మళ్ళీ తట్టారు.