నీమవ్వ అద్దెకు తెచ్చుకున్న చెవులు

ఆ గుడి దగ్గర పొద్దుగూకాక ఎవరైనా పిలిస్తే పలక్కూడదు. వెనక్కి తిరిగి చూడకూడదు. అన్నిటికన్నా ముఖ్యం... ఇంటికొచ్చాక ‘నాకు వినపడింది’ అని ఎవరి దగ్గరా నోరు జారకూడదు. విన్నానని ఒప్పుకున్నవాడి వెంట అది ఇంటిదాకా నడిచొస్తుందట.

పటంలో దాని పేరు ప్రసాత్ ఆన్లొంగ్. సియెమ్ రీప్ పట్నం నుంచి మూడు గంటల దారి. అందులో చివరి గంట అసలు దారే కాదు, ఎర్రబురద. ఎప్పటి రాజో కట్టించాడు, సగం అడవి తినేసింది, మిగిలింది యుద్ధం తినేసింది. చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు మాత్రం ‘పలక్కూడని గుడి’ అంటారు.

ఇంతకీ అక్కడ వినపడేదేమిటి? ఏడుపా, నవ్వా, మాటా? — అడిగి చూడండి, ఒక్కడూ చెప్పడు. చెబితే విన్నట్టేగా! నలభై ఏళ్ళ పైనుంచి వినేవాళ్ళు వింటూనే ఉన్నారు. నోళ్ళు మాత్రం కుట్టేసుకున్నారు.

కొసల్ అనే డ్రైవరుకు ఆ గుడి కొట్టిన పిండి. జనం తక్కువుండే పాత గుళ్ళు చూడాలనే పరదేశీలను తన పాత కామ్రీ కారులో పొద్దున్నే తీసుకెళ్ళి, సాయంత్రానికి తెచ్చి దింపడం వాడి పని. ఎన్నిసార్లు వెళ్ళినా నాలుగు దాటకుండా బయటపడేవాడు. భయమా అంటే, నవ్వి, రోడ్డు బాగోదనేవాడు.

ఆ ఏడు పితరుల పదిహేను రోజుల్లో వాడి బండెక్కింది పరదేశీ కాదు. బత్తంబాంగ్ నుంచి వచ్చిన డెబ్బై రెండేళ్ళ ముసలావిడ. పేరు నీమ్. ఎప్పుడో మందుపాతర పేలి రెండు చెవులూ పోయాయి. ఎదుటివాళ్ళ పెదాలు చూసి మాట పట్టుకుంటుంది. తను మాట్లాడితే మాత్రం వీధి వీధంతా వినాలి.

“కారు ఎవడైనా తోలతాడు నాయనా!” అంది బండెక్కుతూనే. “నాకు కావలసింది నీ చెవులు. బాగా పనిచేస్తాయా?”

“మా ఆవిడ పనిచెయ్యవంటుంది అవ్వా,” అన్నాడు కొసల్, ఆవిడ వైపు మొహం తిప్పి.

ఆవిడ పకపకా నవ్వింది. కొసల్‌కు ముచ్చటేసింది. ఎందుకు చెవులు అడిగిందో అప్పటికి వాడికి తెలియదు పాపం.

గుడి దగ్గర కాపలా ముసలాయన హేంగ్ ఊయల మంచంలోంచి తల ఎత్తాడు. “ఏమోయ్ కొసల్, ఈసారి దొరసానులు దొరకలేదా? మా ఈడుదాన్ని తెచ్చావ్!” అని, ఆవిడతో, “చీకటి పడేలోగా వెళ్ళిపోవాలి చెల్లెమ్మా. ఇక్కడ ఎవరు పిలిచినా పలక్కూడదు,” అన్నాడు.

నీమవ్వ నవ్వి తలూపింది.

“అర్థమైందంటావా?” అని హేంగ్ కొసల్‌ను అడిగాడు.

“చెవిటివాడి ముందు శంఖం ఊదావు తాతా,” అన్నాడు కొసల్.

ఆవిడ అప్పటికే లోపలికి వెళ్ళిపోయింది. కూలిన రాళ్ళ మీద చేతులూ కాళ్ళూ వేసి పాకుతూ, ఏ శిల్పాన్నీ చూడకుండా, కిటికీల కోసం వెతుకుతూ వెళ్ళింది. తూర్పు పక్క చిన్న మండపం దగ్గర ఆగిపోయింది. దాని ద్వారం ఎప్పుడో కూలి మూసుకుపోయింది. మిగిలింది ఒక్క కిటికీ. నాలుగు రాతి ఊచలు నిలిచి ఉన్నాయి, ఐదోది లేదు. ఆ సందులో పెద్దవాళ్ళ భుజం పట్టదు.

నీమవ్వ ఆ సందులో చెయ్యి పెట్టింది. చాలాసేపు అలాగే ఉండిపోయింది.

“ఇదే,” అంది. మొదటిసారి గొంతు తగ్గించి అంది. “పన్నెండో గుడి ఇది. ఏడాదికొక గుడి చొప్పున తిరిగాను. ఇదే...”

నల్లబట్టల తుపాకీవాళ్ళు దేశాన్ని ఏలిన కాలంలో ఆవిడ మొగుణ్ణి తీసుకుపోయారు. ఆ రాత్రే ఐదేళ్ళ కూతుర్ని చంకనేసుకుని అడవిలో పడింది. పేరు కుంతియా. వెనక కాగడాలు దగ్గరపడ్డాయి. చీకట్లో ఈ గోడ తగిలింది, ఈ సందు తగిలింది. పిల్లను లోపలికి జారవిడిచింది.

“ఏం చెప్పానో తెలుసా? నేనొచ్చి ‘రా’ అనేదాకా కదలకు. ఎవరి అడుగుల చప్పుడైనా వినపడితే ‘అమ్మా, రావొచ్చా?’ అని మెల్లిగా అడుగు. నేను కాకుండా ఎవరేం చెప్పినా రాకు... అన్నాను. బుద్ధి ఉన్నది చెప్పే మాటేనా? అడిగితే దొరికిపోతుందని కూడా తోచలేదు నాకు!”



అర కోసు దూరంలో ఆవిడ పట్టుబడింది. ఎక్కడో కాలవల కట్టలు పోసే పనిలో పడేశారు. తరవాత సరిహద్దు, శిబిరం, మందుపాతర. ఇక్కడేమో యుద్ధం ముగిసినా పాతికేళ్ళు పాతరలు ముగియలేదు. అసలు ఏ గుడో తెలిస్తేగా!

“పితరుల పండగనాడు ఏడు విహారాలు తిరిగి పోయినవాళ్ళందరికీ అన్నం ముద్దలు వేస్తాను. మొగుడికి వేస్తాను, అన్నదమ్ములకు వేస్తాను. దానికి మాత్రం ఒక్క ముద్దా వెయ్యలేదు. వేస్తే చచ్చిపోయిందని ఒప్పుకున్నట్టేగా?”

ఆవిడ సంచిలోంచి అరటాకు పొట్లాలు రెండు తీసింది. అరటిపండు పెట్టి ఉడికించిన జిగురన్నం.

“ఈ సాయంత్రం ఇక్కడ కూర్చుంటాను. అది ఇక్కడుంటే అడుగుతుంది. చెప్పిన మాట జవదాటే పిల్ల కాదు. నువ్వు విను, విని నాకు చెప్పు. అడిగిందంటే... ‘రా’ అంటాను. రేపు తెల్లారకముందే దాని పేరున ముద్ద వేస్తాను. వినపడలేదంటే బతికి బయటపడ్డట్టే. వెతుక్కుంటాను.”

“ఊరికే ‘రా’ అని పిలిచేయొచ్చుగా అవ్వా?”

“అయ్యో, తప్పు! అది ఎక్కడో బతికుండి, నేనిక్కడ అడవిలోకి పిలిస్తే? దాని ప్రాణం ఒంటిని వదిలి ఇక్కడికి రాదూ?”

నిజమే. ఆ సంగతి కొసల్‌కు ఒకరు చెప్పాలా? మనిషికి పంతొమ్మిది ప్రాణాలంటారు ఆ దేశంవాళ్ళు. భయపడితే ఒకటో రెండో జారిపోయి అడవి పట్టుకు తిరుగుతాయి. పోయిన నెలే వాడి కూతురు బొఫా జ్వరంతో వారం మంచం పట్టింది. పిల్ల ప్రాణాలను ఇంటికి పిలిచి, చేతికి తెల్లనూలు కట్టిన పెద్దావిడ మరీ మరీ చెప్పింది — పిల్ల ప్రాణాలు వదులుగా ఉన్నాయి, అడవి నుంచి దేన్నీ వెంటబెట్టుకు రాకు. ఆ బొఫా ఫోటో కారు అద్దానికి వేలాడుతోంది. దానికీ ఐదేళ్ళే.

కొసల్ వెళ్ళిపోదామనలేదు. అనలేకపోయాడు.

పొద్దు వాలింది. సన్నగా వాన పడి ఆగింది. హేంగ్ తాత ఎప్పుడో ఊయల చుట్టుకుని పోయాడు. కీచురాళ్ళు రొద మొదలెట్టాయి... ఉన్నట్టుండి ఆపేశాయి.

నీమవ్వ సందులో చెయ్యి పెట్టి, కళ్ళు మూసుకుని కూర్చుంది. కొసల్ తడి రాయి మీద కాలు మార్చాడు. చెప్పు చప్పుడైంది.

లోపలి నుంచి... చాలా మెల్లిగా...

“అమ్మా, రావొచ్చా?”

ఇదా! ఇన్నేళ్ళూ ఊళ్ళకు ఊళ్ళు విని కడుపులో దాచుకున్నది ఇదా! నవ్వూ కాదు, ఏడుపూ కాదు... ఒక పిల్ల అనుమతి అడుగుతోంది.

“అమ్మా... రావొచ్చా?”

గొంతు నీమవ్వ మోచేతి దగ్గరే ఉంది. ఆవిడ కళ్ళు తెరవలేదు.

కాసేపటికి ఆవిడ టార్చి వెలిగించి కొసల్ మొహాన వేసింది. పెదాలు కనపడాలిగా మరి!

“వినపడిందా నాయనా?”

వెలుతురు వెనక ఆవిడ మొహం వాడికి కనపడలేదు. బొఫా చేతి తెల్లనూలు కనపడింది. విన్నానని ఒప్పుకున్నవాడి వెంట... ఇంటిదాకా...

“లేదవ్వా,” అన్నాడు.

“సరిగ్గా విన్నావా?”

“ఏమీ వినపడలేదు.”

టార్చి దించేసింది. ఏడుస్తుందనుకున్నాడు. ఆవిడ నవ్వింది! చిన్నపిల్లలా చప్పట్లు కొట్టి నవ్వింది.

“బతికే ఉంది! చూశావా, నా బిడ్డ బతికే ఉంది!” అని ఆ అడవి అదిరేలా అరిచింది. “యాభై దాటి ఉంటాయి దానికి. మనవలు కూడా ఉంటారేమో!”

దారి పొడుగునా ఒకటే కబుర్లు. రెండు పొట్లాలూ వాడి ఒళ్ళో పెట్టింది — “ఇక్కడ తినేవాళ్ళెవరూ లేరుగా, నీ కూతురికి పెట్టు!” కొసల్ తలూపాడు. ఆ మొహం చూసి, లేదన్న నోటితోనే ఇప్పుడు నిజం చెప్పడం ఎలాగో వాడికి తెలియలేదు. సత్రం దగ్గర దింపితే, వాడి చేతులు రెండూ పట్టుకుని నుదుటికి ఆనించుకుంది. “చల్లని చెవులు నాయనా నీవి!” అంది.

ఇంటికొచ్చేసరికి దీపం ఉంది, బొఫా కనపడలేదు. వాడి భార్య పెదాల మీద వేలు పెట్టి, నవ్వుతూ తెర వైపు చూపించింది. తెర కింద చిన్న పాదాలు రెండు కదిలాయి.

“నాన్నా, రావొచ్చా?”

దాగుడుమూతలు, అంతే. రోజూ ఆడే ఆటే. రోజూ ‘రా బంగారం’ అంటాడు. ఆ రోజు నోరు పెగల్లేదు. గుమ్మంలోనే కూలబడి భోరుమన్నాడు. పిల్ల బిక్కమొహంతో తెర చాటు నుంచి తొంగి చూస్తూ అక్కడే నిలబడిపోయింది... రమ్మనలేదుగా మరి! తండ్రి రమ్మనలేదని ఒక్క నిమిషానికే చిన్నబోయిన ఆ మొహం చూడలేకపోయాడు వాడు.

తెల్లవారకముందే సత్రానికి పరిగెత్తాడు.

“ముసలమ్మా? తొలి బస్సుకు వెళ్ళిపోయింది,” అంది సత్రం ఆవిడ ఆవలిస్తూ. “పొయిపెట్ వైపు. సరిహద్దు శిబిరాల్లో పెరిగిన పిల్లల్ని ఊరూరా అడుగుతుందట. పాట కూడా పాడుకుంటూ పోయింది తెలుసా! చెవులు లేవుగా, ఒకటే అపశ్రుతి!”

“ఊరి చిరునామా?”

“రాయలేదు. ఫోను కూడా లేదట. చెవిటిదానికి ఫోనెందుకు?”

“విహారానికి వెళ్ళిందా? ముద్ద వేసిందా?”

“లేదయ్యా. ఇంక ఆ అవసరం లేదంది.”

కొసల్ బస్సు వెనకే నలభై మైళ్ళు తోలాడు. మొదటి బస్సులో లేదు, రెండోదాంట్లో లేదు. కూడలిలో దిగి ఏ దారిన పోయిందో ఎవరూ చూడలేదన్నారు. చేతులారా చేసుకున్నది. ఎవరిని తిట్టుకుంటాడు?

ఆ సాయంత్రం ఒక్కడే గుడికి వెళ్ళాడు. హేంగ్ తాత “పొద్దుగూకుతోందిరా!” అని కేకేసినా ఆగలేదు. భయం పోయిందని కాదు. భయం కన్నా పెద్దది ఇంకోటి గుండె మీద కూర్చుంది.

సందులో అరటాకు పొట్లం పెట్టాడు. కావాలనే కాలు గట్టిగా ఆనించాడు.

కీచురాళ్ళు ఆగిపోయాయి.

“అమ్మా, రావొచ్చా?”

“రా తల్లీ,” అన్నాడు కొసల్. “వచ్చెయ్ కుంతియా. తీసుకెళ్తాను. ఇదిగో, అన్నం కూడా తెచ్చాను.”

ఆకుల మీంచి నీళ్ళు రాలుతున్నాయి.

“నువ్వు అమ్మవి కాదుగా,” అంది గొంతు. కోపం లేదు. చెప్పిన పాఠం అప్పజెప్పినట్టుంది. “అమ్మ కాకుండా ఎవరు పిలిచినా రావొద్దంది.”

కొసల్ ఊచకు నుదురు ఆనించాడు. రాయి చల్లగా ఉంది.

“నిన్న ఒక అవ్వ వచ్చింది,” అంది మళ్ళీ, మరీ మెల్లిగా. “ఆవిణ్ణి కూడా అడిగాను. ఆవిడా పలకలేదు.”



“మావయ్యా... మా అమ్మ వస్తే ఒక మాట చెప్తావా?”

“ఏం చెప్పనమ్మా?”

“నేను కదల్లేదని.”