ముందే వచ్చిన గొంతు

హోసూరు పక్కన తళి ఊరి దగ్గర వినుతవాళ్ల గులాబీ తోటలో, పూలు నిల్వచేసే చల్లగది ఒకటి మోటారు చెడిపోయి ఊరికే పడి ఉంది. మందపాటి గోడలు, బరువైన తలుపు. బయటి చప్పుడు లోపలికి రాదు. వినుత అందులోనే మైకు పెట్టి ఇంటర్నెట్ రేడియో మొదలుపెట్టింది. ఎన్నిసార్లు కడిగినా ఆకుల పచ్చివాసన మాత్రం పోలేదు.

గొంతును నెట్‌లోకి పంపే సాఫ్ట్‌వేరే ఆమె ప్రాణం తోడేసింది. మొదటిది నాలుగు చినుకులు పడితే తెగిపోయేది, మళ్లీ తనంతట అతుక్కునేది కాదు. రెండోది అతుక్కునేది గానీ, సిగ్నల్ తగ్గితే మాట నీళ్లలో మునిగినట్టు వచ్చేది. హోసూరులో ఉండే తమ్ముడు శశికుమార్ వెతికి వెతికి మూడోది ఎక్కించాడు. వారమంతా ఒక్కసారీ తెగలేదు. ఈ సాయంత్రం గంటసేపు ఆగకుండా నడిస్తే తెలుగు సంఘం ఉత్సవాల ప్రసారం వినుతది. ఆగిందా, బెంగుళూరు కంపెనీది. "పూలమ్ముకునేవాళ్లకు రేడియో యాలమ్మా?" అన్న సంఘం పెద్దమనుషులంతా ఇప్పుడు ఫోన్లు పట్టుకుని వింటున్నారు.

పాత ఫోనుకు ఇయర్‌ఫోన్ తగిలించి, ఒక చెవిలో తన ప్రసారం తానే వింటూ వార్తలు చదవసాగింది. ఏ సాఫ్ట్‌వేర్‌లోనైనా మాట కొంచెం ఆలస్యంగా వినిపించాలి. ఇవాళ మాటతోపాటే వచ్చింది. భలే ఉందే అనుకుని మురిసిపోయింది.

కాసేపటికి మాట ముందొచ్చింది. ఆమె ఇంకా చదవని వార్త... ఆమె గొంతులోనే.

వినుత పాట పెట్టి, మైకు మూసి, ఇంకో ఫోన్లో తమ్ముణ్ణి పిలిచింది.

"శశీ, పాట వస్తా ఉందా?"

"పాట యాడక్కా? నువ్వే వానల సంగతి చదువుతా ఉండావు కదా."

"నేను చదవలేదురా."

"ఆపెయ్ అక్కా," అని గొణిగాడు.

"యాల ఆపల్ల? రెండేండ్లు అందరూ నవ్వింది చాల్లేదా? అది దెయ్యమే కానీ, గంట అయ్యేదాకా లేచేది లేదు."

ఫోన్ పెట్టేసి మైకు తెరిచింది. చెవిలో వచ్చిన మాటల్ని కావాలనే దాటేసి వేరే వార్త ఎత్తుకుంది. చెవిలో గొంతు ఆగింది. వినుతకు కసిగా నవ్వొచ్చింది.

అప్పుడు చెవిలో... తలుపు పిడి తిరిగిన చప్పుడు. కుర్చీ జరిగిన చప్పుడు. వణుకుతూ తన గొంతు: "ఎవురది?"

తలుపువైపు చూసింది. పిడి కదల్లేదు.

నేను అడగను, అనుకుంది. కాళ్లు నేలకు తన్నిపెట్టి, గొంతు పెంచి చదివింది.

పిడి తిరిగింది...

పచ్చివాసన గుప్పుమంది. తలుపు తెరుచుకుంది. గడపలో పొగమంచు తప్ప ఎవరూ లేరు. అయినా కుర్చీ కదలనివ్వలేదు. అడగలేదు.

అడగకపోయినా జవాబొచ్చింది. ఇయర్‌ఫోన్ లేని చెవి పక్కన, మెల్లగా.

"నేనేలేమ్మా. నువ్వు లెయ్యి... మిగిలింది నేను చదువుతాను."

"లెయ్యను!" అని అరిచింది వినుత, మైకును రెండు చేతులా పట్టుకుని.

ఆ అరుపు ఇయర్‌ఫోన్లో ముందూ రాలేదు, తర్వాతా రాలేదు. అక్కడ ఆమె గొంతు తొందరపడకుండా వార్తలు చదువుతూనే ఉంది.