టీచరమ్మ మీద అనుమానం

"టీచరమ్మా, మా పిల్ల చెవి మీద కొట్టింది నువ్వేనా?"

బాలవాడి గుమ్మంలో నిలబడి సారంగపాణి అంత గొంతుతో అడిగేసరికి, ఉప్మా తింటున్న పిల్లలందరూ చేతులు ఆపి చూశారు. వాళ్ళ మధ్య చాప మీద కూర్చుని ఒక బాబు ముక్కు తుడుస్తున్న ద్వాలి మాత్రం తల ఎత్తలేదు. ముక్కు తుడవడం పూర్తి చేసి, గుడ్డ మడిచి పక్కన పెట్టి, అప్పుడు లేచి వచ్చింది.

"ఏ పిల్ల?"

"స్వర్ణ. మా అన్న బిడ్డ. మళ్ళ చెవి కారుతున్నది. దిండు నిండ చీమే."

"చెవి కారితే దవాఖానకు పోవాలె. గీడికి వచ్చినవేంది?"

"దెబ్బ పడితేనే చెవి కారుతదని మా లైన్ల అందరు అంటున్నరు. ఇంట్ల ఆ పిల్ల మీద ఈగను గూడ వాలనియ్యం. ఇగ మిగిలింది నువ్వే."

ద్వాలి అతన్ని కింది నుంచి పైదాకా చూసింది. "నేను కొట్టంగ చూసినవా?"

"చూడలే. చూస్త."

"చూడు. తలుపు తీసే ఉంటది. గంతవరకు పిల్లల ముందట గొంతు లేపకు, జడుసుకుంటరు."

అతను వానలోకి వచ్చాక గానీ గొడుగు గుమ్మం దగ్గరే మరిచిపోయిన సంగతి గుర్తు రాలేదు. మళ్ళీ వెళ్ళి అడగడానికి మనసొప్పలేదు. తడుస్తూ నడిచాడు. ఆ టీచరమ్మ కళ్ళు పెద్దవి. అబద్ధాలు చెప్పేవాళ్ళకు కళ్ళు పెద్దవిగా ఉంటాయని ఎక్కడో విన్నాడు. ఎక్కడ విన్నాడో మాత్రం ఎంత ఆలోచించినా తట్టలేదు.

కొత్తగూడెంలో గని కార్మికుల క్వార్టర్ల లైన్ అది. సారంగపాణి ల్యాంప్ రూమ్‌లో పని చేస్తాడు. గనిలోకి దిగేవాళ్ళ టోపీలకు పెట్టే దీపాలు ఛార్జింగ్ చేసి చేతికివ్వడం అతని డ్యూటీ. అన్న సమ్మయ్య గనిలో దిగుతాడు. వదిన సారక్క రెండో కాన్పుకు పుట్టింటికి వెళ్ళింది. వెళ్ళేముందే స్వర్ణకు పాలు మాన్పించింది. రెండేళ్ళ పిల్ల ఇప్పుడు పొద్దున బాలవాడిలో, సాయంత్రం నానమ్మ నాంచారమ్మ ఒడిలో పెరుగుతోంది. వానాకాలం మొదలైనప్పటి నుంచి ఆ పిల్లకు జలుబు వదలలేదు. జలుబు వెనకే జ్వరం, ఏడుపు, చెవి కారడం.

ద్వాలి ఇల్లందు దగ్గరి లంబాడీ తండా పిల్ల. పదో తరగతి పాసై, ట్రైనింగ్ చేసి, ఈ మధ్యనే ఇక్కడ చేరింది. కొత్త మనిషి, తండా మనిషి. అనుమానించడానికి లైన్లో వాళ్ళకు ఆ రెండూ చాలు. సారంగపాణి కూడా ఊరుకోలేదు. బాలవాడి నడిపే సంఘం పెద్దకు నోటిమాటగా ఫిర్యాదు చేశాడు. వచ్చే మీటింగులో తేలుస్తామని, రుజువైతే ద్వాలిని పనిలోంచి తీసేస్తామని ఆవిడ చెప్పింది.

రుజువు కోసం అతను కాపలా మొదలుపెట్టాడు.

డ్యూటీ దిగడం, బాలవాడి కంచె దగ్గర నిలబడడం. కిటికీలోంచి అంతా కనిపిస్తుంది. మొదటి రోజు ద్వాలి కోతిలా గెంతి పిల్లల్ని నవ్వించింది. 'నన్ను చూసి నటిస్తోంది' అనుకున్నాడు. మర్నాడు ఏడుస్తున్న పిల్లను చంకనేసుకుని గదంతా తిరిగింది. 'ఇదీ నటనే' అనుకున్నాడు. ఆ తర్వాత ఆమె ఇటు చూడనే లేదు. అప్పుడు అతనికెందుకో మనసు చిన్నబోయింది. కనీసం నటించొచ్చు కదా!

లైన్లో అందరూ ఇంకోలా అనుకున్నారు. పక్కింటి సైదమ్మ సూటిగా అడిగేసింది.

"ఏం పాణీ, టీచరమ్మ ఎన్క పడ్డవట?"

"ఛ! నేను ఆమెను పట్టుకుందామని చూస్తున్న."

"అదేలే, మేము గూడ గదే అంటున్నం."

ఒక మధ్యాహ్నం వాన వెలిసింది. ద్వాలి స్వర్ణ ఒక్కదాన్నే వెనక వసారాలోకి తీసుకెళ్ళడం అతని కంట పడింది. పిల్లిలా గోడ వెంట వెళ్ళి తొంగి చూశాడు. స్వర్ణ నేల మీద కూర్చుని బొమ్మతో ఆడుకుంటోంది. ద్వాలి పిల్ల వెనక గొంతుక్కూర్చుని, గులకరాళ్ళు వేసిన డబ్బాను మెల్లగా ఆడించింది. కుడి చెవి దగ్గర, ఎడమ చెవి దగ్గర. ఏదో గొణుగుతోంది కూడా.

"ఏం మంత్రం చదువుతున్నవ్?" ఒక్క గెంతులో లోపలికి వచ్చాడు.

ద్వాలి ఉలిక్కిపడి డబ్బా వదిలేసింది. రాళ్ళు గలగలా దొర్లాయి. స్వర్ణ వెనక్కి తిరగలేదు.

"చూసినవా?" ద్వాలి పిల్ల వైపు వేలు చూపించింది. "గంత చప్పుడైనా తిరగలే. పేరు పెట్టి పిలుస్తున్న, పలుకుతలేదు. ముందుగాల మొండిపిల్ల అన్కున్న. ఒకసారి కోపం గూడ చేసిన. మొండి కాదు. ఈ పిల్లకు సరిగ ఇనొస్తలేదు."

సారంగపాణి పిల్ల ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు. బాబాయిని చూసి స్వర్ణ నవ్వింది. ఇంట్లో తను కూడా ఎన్నిసార్లు పిలిచి విసుక్కున్నాడో గుర్తొచ్చి, పిల్లను ఎత్తుకున్నాడు.

ద్వాలితో అన్నాడు. "ఖమ్మంల చెవి డాక్టర్ ఉన్నడట. రేపే తీస్కపోత."

"నేను గూడ వస్త."

"నువ్వెందుకు?"

"నువ్వొక్కనివే పోతే డాక్టర్ ఏమన్నడో నీ నోటితోనే ఇనాలె. వచ్చి, దెబ్బే తగిలిందన్నడని చెప్తవు. నిన్ను నేను నమ్మ."

"నేను మాత్రం నమ్ముతున్ననా? డాక్టర్‌కు ముందే ఏం చెప్పుకుంటవో!"

ఇంట్లో ఈ సంగతి విని నాంచారమ్మ కొడుకు వైపు అదోలా చూసింది. సైదమ్మ మాటలు ఆమె చెవినా పడ్డాయి. "టీచరమ్మతోని ఖమ్మం పోతవా? దవాఖానకేనా? మీ ఇద్దర్ని నేను నమ్మ. నేనొస్త."

అలా ముగ్గురూ ఒకరినొకరు నమ్మకుండా ఒకే బస్సెక్కారు. సీట్లో సారంగపాణి ఒక చివర, ద్వాలి ఒక చివర, నడుమ నాంచారమ్మ కోటగోడలా. కిటికీలోంచి జల్లు కొడితే ద్వాలి పిల్ల తల చుట్టూ తన కొంగు కప్పింది. అది చూసి నాంచారమ్మ గోడ కొంచెం పక్కకు జరిగింది.

డాక్టర్ పెద్దాయన. చిన్న లైటు పెట్టి పిల్ల చెవిలోకి చాలాసేపు చూశాడు.

"తల్లిదండ్రులు మీరేనా?"

"కాదు!" ఇద్దరూ ఒకేసారి అరిచారు.

"బాబాయిని." "టీచర్ని."

డాక్టర్ కళ్ళద్దాల పైనుంచి ఇద్దర్నీ చూసి, ఇంకేమీ అడగకుండా మళ్ళీ చెవి వైపు వంగాడు.

"సార్, దెబ్బ తగిలిందా?" ద్వాలే అడిగింది.

"గట్టిగా కొడితే కర్ణభేరి చిరగొచ్చు. కానీ ఇది అది కాదమ్మా. జలుబు నుంచి వచ్చింది. ముక్కు వెనక నుంచి చెవిలోకి సన్నటి గొట్టం ఒకటి ఉంటుంది. చిన్నపిల్లల్లో అది పొట్టిగా, దాదాపు అడ్డంగా ఉంటుంది. జలుబు చేస్తే వాచి మూసుకుపోతుంది. లోపల నీరు నిలిచి చీము పడుతుంది. సరే, ఇప్పుడు నేను అడిగేవాటికి నిజం చెప్పండి. ఇంట్లో సిగరెట్ ఎవరు తాగుతారు?"

"మా ఇంట్ల ఎవరు తాగరు సార్. నా కొడుకులు బంగారం." నాంచారమ్మ గర్వంగా చెప్పింది.

సారంగపాణి చేయి జేబు మీదికి వెళ్ళింది. ద్వాలి అతని జేబు వైపు చూసిందా, కిటికీ వైపు చూసిందా తెలియలేదు. అబద్ధం ఆడడం సులువే. పిల్ల తన వేలు పట్టుకుని లేకపోతే ఆడేవాడే.

"నేను తాగుత సార్. ఎన్క వాకిట్ల. పిల్లను ఎత్తుకోనే తాగుత."

నాంచారమ్మ నోరు తెరిచింది. డాక్టర్ ఆమెకు మాట్లాడే సందివ్వలేదు. "పాలు ఎలా పడతారమ్మా?"

"సీసాతోని సార్. పండవెట్టి నోట్ల పెడితే అదే తాగి నిద్రపోతది," అంటూనే ఆవిడ గొంతు తగ్గిపోయింది. "తప్పా?"

"పడుకుని తాగితే పాలు ఆ గొట్టంలోకి వెళ్ళొచ్చు. కూర్చోబెట్టి గ్లాసుతో పట్టండి. వంట దేని మీద?"

"బొగ్గుపొయ్యి. పిల్లను పక్కనే పండవెడత, నాకు కనపడాలె గద."

"ఆ పొగ కూడా చేటే. చెవిలో ఏమైనా పోశారా?"

"ఎచ్చజేసి నూనె..."

"ఇక పోయకండి. నీళ్ళు కూడా పడనివ్వకండి."

ద్వాలి ఎవరూ అడగకుండానే ముందుకు వచ్చింది. "సార్, నా దగ్గర పిల్లలందరికి ముక్కు తుడిచే గుడ్డ ఒక్కటే. జలుబున్నోళ్ళు, లేనోళ్ళు ఒకే చాప మీద పండుకుంటరు. నా నుంచి గూడ వచ్చి ఉంటదా?"

"ఉండొచ్చు. నలుగురు పిల్లలున్న చోట జలుబు తిరుగుతూనే ఉంటుంది. ఏ ఒక్కరి తప్పూ కాదమ్మా. అన్నీ కలిశాయి. మందులు వాడి, ఈ అలవాట్లు మార్చండి. నీరు ఆరిపోతే మళ్ళీ బాగా వినిపిస్తుంది. అశ్రద్ధ చేస్తే మాత్రం మాటలు కూడా సరిగా రావు."

తిరుగు బస్సులో కొడుకును తిట్టీ తిట్టీ నాంచారమ్మ అలసి నిద్రపోయింది. సారంగపాణి ఆమె మీదుగా మెల్లగా అన్నాడు. "నిన్ను అడగలేదు గద. నీ తప్పు నువ్వెందుకు చెప్పుకున్నవ్? ఫిర్యాదు పెట్టింది నేనే. నీకే నష్టం."

"మీ అమ్మ ముందట నువ్వు సిగరెట్ సంగతి ఎందుకు చెప్పినవ్?"

ఇల్లందు దాటేదాకా ఇద్దరూ కిటికీలోంచి వానను చూస్తూ కూర్చున్నారు. కాకపోతే ఒకే కిటికీలోంచి.

మర్నాడే అతను సంఘం పెద్ద దగ్గరికి వెళ్ళి, తనదే పొరపాటని నలుగురి ముందు చెప్పాడు. జేబులోని సిగరెట్లు పారేశాడు. చేతులు ఊరుకోకపోతే వేరుశనగలు నమిలాడు. నాంచారమ్మ పొయ్యిని వాకిట్లోకి మార్చింది. బాలవాడిలో జలుబు పిల్లలకు వేరే చాప వచ్చింది. ఎవరి గుడ్డ వాళ్ళ చొక్కాకు పిన్నీసుతో వేలాడింది. చెవి ఆరింది. వానలు తగ్గేనాటికి స్వర్ణ పిలిస్తే పలకడమే కాదు, పిలవకపోయినా మాట్లాడసాగింది.

సారంగపాణి కంచె దగ్గరికి వెళ్ళడం మానేశాడు. ఇంకేమని నిలబడతాడు?

ఒక సాయంత్రం ద్వాలే ల్యాంప్ రూమ్ గేటు దగ్గరికి వచ్చింది. జల్లు పడుతోంది. చేతిలో అతని గొడుగు ఉంది, కానీ వేసుకోలేదు.

"నామీద అనుమానం పోయిందా?"

"పోయింది."

"అందుకేనా వస్తలేవు?"

అతను తడబడ్డాడు. "వస్తే లైన్ల నీ పేరు పాడైతది."

"గిన్ని రోజులు నిలబడ్డప్పుడు యాదికి రాలేదా?"

"అప్పుడు నిన్ను పట్టుకుందామని వచ్చిన. ఇప్పుడొస్తే..." అక్కడితో ఆగిపోయాడు. వాన చుక్క ఒకటి అతని ముక్కు చివర వేలాడుతోంది. ద్వాలికి నవ్వాగలేదు.

"ఇప్పుడొస్తే?"

"నిన్ను చూసేటందుకే వస్త. నువ్వంటే నాకు ఇష్టం, ద్వాలీ. చేసుకుంట."

ఆమె నవ్వు ఆగింది. గొడుగు అతని చేతిలో పెట్టింది. "నీ మాట నేను నమ్మ. తండా పిల్లను మీ అమ్మ ఒప్పుకుంటదా? మా నాయన ముందట నిలబడి చెప్పు. మీ అమ్మను పక్కన పెట్టుకోని చెప్పు. అప్పుడు నమ్ముత."

నాంచారమ్మకు ఆ మాట చెప్పినప్పుడు ఆవిడ బియ్యం ఏరుతోంది. "చుట్టాలు నానా మాటలంటరు," అంది. మళ్ళీ తనే అంది. "అననీ. డాక్టర్ ముందట ఎవరు అడగకున్న తన తప్పు ఒప్పుకున్న పిల్ల. నా ఇంట్ల గసుంటిది ఒక్కటన్న ఉండాలె. నువ్వైతే ఇన్నేండ్లు నాకు కనపడకుంట సిగరెట్లు తాగినోనివి."

ఆదివారం తల్లీకొడుకులు తండాకు వెళ్ళారు. ద్వాలి తండ్రి బిచ్యా మంచం మీద కూర్చుని అతన్ని ఎగాదిగా చూశాడు. చుట్టూ బంధువులు చేరారు.

"మా బిడ్డతోని ఎట్ల పరిచయం?"

"పిల్లల్ని కొడుతుందని అనుమానపడ్డ, మామా."

అందరూ గతుక్కుమన్నారు. నాంచారమ్మ కొడుకు తొడ గిల్లింది. అతను ఆగలేదు. ఖమ్మం దాకా జరిగిందంతా, తన సిగరెట్‌తో సహా, దాచకుండా చెప్పాడు.

బిచ్యా ముఖంలో ఏమీ తెలియలేదు. తల తిప్పి, గుమ్మంలో నిలబడ్డ కూతుర్ని లంబాడీ భాషలో ఏదో అడిగాడు. ద్వాలి తల వంచుకుని అదే భాషలో చాలాసేపు చెప్పింది. ఆమె చెబుతుంటే ఒకామె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఒక ముసలాయన సారంగపాణి వైపు చూసి తల పంకించాడు. చివరికి బిచ్యాతో సహా తండా మొత్తం పకపకా నవ్వింది. సంబంధం ఖాయమన్నట్టు ఎవరో లోపలి నుంచి బెల్లం తెచ్చి నాంచారమ్మ నోట్లో పెట్టారు.

"ఏమన్నదిర?" బెల్లం నములుతూనే నాంచారమ్మ గుసగుసలాడింది.

"నాకేం తెలుసే?"

అతను గుమ్మం దగ్గరికి వెళ్ళాడు. "ద్వాలీ, నామీద ఏం చెప్పినవ్?"

ద్వాలి పెద్ద కళ్ళు ఇంకా పెద్దవి చేసి, అమాయకంగా చూసింది.

"పెండ్లయినంక చెప్త."