ఆ గడప మళ్ళీ తొక్కలేదు

టోక్యోలో నెరిమా వైపు ఉన్న ఆ ఇంట్లో రోజూలాగే మినేకో అందరికంటే ముందు లేచింది. మిసో పులుసు కాచి, మొదటి గిన్నె అత్తగారి ముందు పెట్టింది. షిగె దాన్ని ముట్టుకోలేదు. కోడలి మొహం కూడా చూడకుండా లేచి తన గదిలోకి వెళ్ళిపోయింది.

"అమ్మ నీతో మాట్లాడి వారమైంది" అన్నాడు మినేకో భర్త షూహేయ్. "ఎందుకో నీకు తెలియదూ?"

"తెలియదండీ."

"ఆవిడ బతుకుని టీవీ సీరియల్ చేసి వీధిలో పెట్టావు. తాగుబోతు మొగుణ్ణి వదిలి, పసివాణ్ణి వీపున కట్టుకుని టోక్యో రైలెక్కింది ఎవరో ఈ వాడంతా తెలుసు. చేపల కొట్లో నన్ను చూసి గుసగుసలాడుతున్నారు."

"ఆవిణ్ణి అడిగే మొదలుపెట్టాను. 'చేసుకో, కానీ ఉన్నదున్నట్టు చెయ్యి' అన్నారు."

పంతొమ్మిదేళ్ళ వయసులో మినేకో ఒక సినిమా కంపెనీలో టీలు అందించే పనికి చేరింది. తర్వాత డైరెక్టర్ పక్కన కూర్చుని సీన్ల వివరాలు రాసుకునే అమ్మాయి అయింది. ఆ కంపెనీ మూతపడ్డాక టీవీకి వచ్చింది. ఆడది ప్రొడ్యూసర్ ఏమిటని నవ్విన మగవాళ్ళ మధ్యే నిలబడి, ప్రతి గురువారం వచ్చే సీరియల్‌ను తన చేతిలోకి తెచ్చుకుంది. కథలో ఒసుమి అనే ఆడది షిగె లాగే ఇల్లు విడిచి, టోక్యోలో బండి మీద ఊరగాయలు అమ్ముకుని కొడుకును పెంచుతుంది. దేశమంతా గురువారం కోసం ఎదురుచూస్తోంది.

తలుపు జరిగిన చప్పుడైంది. షిగె చేతిలో బట్టల మూట ఉంది.

"చిబాలో చెల్లెలింటికి పోతున్నా. గురువారం నేనిక్కడ ఉండను."

"చూశావా? అమ్మకి సిగ్గుగా ఉంది" అన్నాడు షూహేయ్ భార్యతో.

"సిగ్గా? నాకెందుకురా సిగ్గు? పడాల్సింది నీ పెళ్ళాం!" షిగె మూటలోంచి టీవీ వారపత్రిక తీసి బల్ల మీద పడేసింది. "చదువు. గట్టిగా చదువు."

షూహేయ్ చదివాడు. "ఆఖరి భాగం. మంచు కురుస్తుండగా ఒసుమి భర్త గుమ్మం ముందు మోకరిల్లుతుంది. అతను తలుపు తీస్తాడు."

మినేకో తల దించుకుంది.

"స్పాన్సర్ అడిగాడు అత్తయ్యా. కాపురం వదిలేసిన ఆడదాన్ని చూపిస్తే సబ్బులు అమ్ముడుపోవన్నాడు. కాదంటే నాకింక సీరియల్ ఇవ్వరు. అన్ని భాగాలూ నా ఇష్టప్రకారమే తీశాను. ఈ ఒక్కటే..."

"ఆ ఒక్కటే కదే నా బతుకు!"

ముసలావిడ కొడుకు వైపు వేలు చూపించింది.

"వీడి నాన్న మనుషుల్ని పంపాడు. 'వచ్చి కాళ్ళ మీద పడు, అన్నీ మర్చిపోతాను' అని కబురు. ఆ చలికాలం వీడి పెదాలు నీలంగా మారిపోయాయి. గుండెకి హత్తుకుని రాత్రంతా ఊదుతూ కూర్చున్నా. అప్పుడు కూడా ఆ గడప మళ్ళీ తొక్కలేదు. ఆనాడు వంగని నా మోకాళ్ళని ఇవాళ దేశమంతా చూస్తుండగా నువ్వు వంచుతావా?"

ఈ నీలం పెదాల సంగతి షూహేయ్ ఎన్నడూ వినలేదు. అతను మెల్లగా లేచి తల్లి చేతిలోని మూట అందుకున్నాడు. దాన్ని ఆవిడ గదిలో పెట్టి వచ్చి భార్య వైపు తిరిగాడు.

"మినేకో, నువ్వు బయల్దేరు. గిన్నెలు నేను కడుగుతాను."

ఆ సీను షూటింగు ఆ రోజే. మినేకో నేరుగా డ్రామా విభాగం అధికారి నగుమో గదిలోకి వెళ్ళింది.

"ఒసుమి వెనక్కి వెళ్ళదు. మొదట రాసిందే తీస్తున్నాను."

"మతిపోయిందా? స్పాన్సర్ పోతాడు!"

"పోనివ్వండి. కావాలంటే నన్ను తీసేయండి. కానీ ఇంత తక్కువ టైములో ఇంకొకరికి ఈ భాగం అప్పజెప్పలేరు. ఆలోచించుకోండి."

నగుమో టేబుల్ మీద చరిచాడు. "ఇదే నీ చివరి సీరియల్!"

"అయితే దాన్ని సరిగ్గా ముగించనివ్వండి" అని ఆమె స్టూడియోలోకి నడిచింది. మోకరిల్లే గుమ్మం సెట్టు పీకించేసింది. ఒసుమి వేషం వేసిన నటి అది చూసి మినేకో చేతులు గట్టిగా పట్టుకుంది.

గురువారం ముగ్గురూ టీవీ ముందు కూర్చున్నారు. భర్త తరఫున పిలవడానికొచ్చిన మనిషి ముఖం మీదే తలుపేసి, ఒసుమి బిడ్డను ఎత్తుకుంది. "ఏడవకురా, రేపు పొద్దున్నే బండి తొయ్యాలి మనం" అంది. షూహేయ్ కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. షిగె ఏడవలేదు. నిటారుగా కూర్చుని, అయిపోయేదాకా కన్నార్పకుండా చూసింది.

"నిన్ను ఉద్యోగంలోంచి తీసేశారా?" అంది చివరికి.

"లేదు అత్తయ్యా. పొద్దుటి వంటల ప్రోగ్రాముకి మార్చారు."

"నీకు వంటలా! అన్నం మాడ్చే దానికి!"

మినేకో నవ్వబోయి ఏడ్చేసింది. షిగె దగ్గరికి జరిగి, ఎన్నడూ లేనిది, కోడలి తల తన ఒడిలోకి లాక్కుంది.

"ఊరుకో. అక్కడ కూడా నీ మాటే నెగ్గించుకో" అంది.